మేస్త్రి చెప్పిన శుక్రవారం

మంగళవారం పొద్దున పాలు పొయ్యి మీద పెట్టి నిలబడి ఉన్నాను, ఫోను మోగింది. హొసకోటె నుంచి మా మగ్గం మేస్త్రి కూతురు. "అత్తా, నాయన పోయినాడు," అంది. ఆ వెంటనే ఇంకో మాట అంది. "మీ పాటే ఆయన్ను తీసకపొయ్యింది. అది బయటికి వచ్చిందంటే నేను ఊరుకునేదాన్ని కాను." ఫోను పెట్టేసింది. పాలు పొంగి పొయ్యి ఆరిపోయినా నేను అక్కడే నిలబడి ఉన్నాను.

ఆ పాట శుక్రవారం పొద్దున పది గంటలకు బయటికి రావాలి. నడుమ మూడు రోజులే ఉన్నాయి.

పాట నాది కాదు, నా మనవరాలిది, దాని స్నేహితురాలు గ్రేసుది. ఇద్దరే. మనవరాలు గిటారు వాయిస్తూ పాడుతుంది, గ్రేసు డ్రమ్ములు వాయిస్తుంది. రాక్ అంటారు దాన్ని. వాళ్ళ జోడీకి పెట్టుకున్న ఇంగ్లీషు పేరుకు నా నోరు తిరగదు. ఆ పాటలో మూడో వాయిద్యం ఒకటుంది. అది మా ఇంటి మరమగ్గం. వాయించినవాడు మేస్త్రి.

మేస్త్రిని పాట చంపిందని హొసకోటెలో అన్నారు, నగర్తపేటలో మా సందులో అన్నారు, మా ఇంట్లో నా కొడుకే అన్నాడు. ఆడపిల్లలిద్దరూ కలిసి జబ్బు మనిషిని దుమ్ములో పడుకోబెట్టారని అందరి మాట. జరిగింది నేను చెబుతాను, మీరు విని చెప్పండి తప్పు ఎవరిదో. నాకు అక్షరం రాదు. నేను చెబుతుంటే మనవరాలు రాస్తోంది. నింద తన మీద ఉంది కాబట్టి నా తప్పును తగ్గించి రాయవద్దని ముందే చెప్పాను.

మా ఆయన ఉన్న రోజుల్లో ఇంటి వెనక షెడ్డులో నాలుగు మగ్గాలు ఆడేవి. మేస్త్రి నేసేవాడు కాదు. మగ్గానికి జబ్బు చేస్తే చూసేవాడు. మా సందులో ఇంకా చాలా ఇళ్ళ మగ్గాలు అతని చేతిలోనే ఉండేవి గాని పొద్దున మొదట అడుగు పెట్టేది మా షెడ్డులో. చెప్పులు బయట విడిచి, ఒక్కో మగ్గం మీద అరచెయ్యి ఆనించి, నాలుగూ అయ్యాకే నా వైపు తిరిగి "కాపీ అక్కా" అనేవాడు. కాపీ సగం తాగి పక్కన పెట్టేవాడు. చల్లారిన సగం పని అయ్యాక తాగేవాడు. వేడిది ఇస్తానన్నా వద్దనేవాడు. "ఇది నేను సంపాదించుకున్న సగం," అనేవాడు.

నాలుగు మగ్గాలు ఆడే చోట మాట వినబడదు. పెదవులు చూసి మాట్లాడుకోవడమే. అక్షరం చదవడం రాదు గాని నాకు పెదవి చదవడం వచ్చు. షెడ్డు ఈ చివర కండెలకు నూలు చుట్టుకుంటూ నేను గొంతు లేకుండా "తిని పో అప్పా" అంటే, ఆ చివర నుంచి అతను "ఏం పులుసు?" అని పెదవులు కదిపేవాడు. వంకాయ అంటే మొహం తిప్పేసుకునేవాడు. తిట్టుకోవడం కూడా అలాగే. మా ఆయన మా ఇద్దరి నడుమ నిలబడి ఉన్నా ఆయన్ను గురించి మేము అనుకున్నది ఆయనకు తెలిసేది కాదు.

ఆ మోతలో అతని చెవులు పోయాయి. చెవులు పోయినవాళ్ళు అరుస్తారంటారు కదా, అతను ఇంకా మెత్తగా మాట్లాడటం మొదలుపెట్టాడు. "నాకు వినబడదని ఊరంతా చెవిటిదా అక్కా?" అనేవాడు. పని మాత్రం పోలేదు. మోచెయ్యంత పొడుగు స్క్రూడ్రైవరు ఒకటి ఉండేది, కొయ్య పిడిది. దాని మొనను మగ్గం ఇనుప చట్రానికి ఆనించి, పిడిని పళ్ళతో కరిచి పట్టుకుని కళ్ళు మూసుకునేవాడు. మోత ఇనుములోంచి పంటికి, పంటిలోంచి తలలోకి ఎక్కుతుందట. కళ్ళు తెరిచి, "ఎడం పక్క తోలు పట్టీ ఇంకో వారం కూడా రాదు" అనేవాడు. ఆ వారం లోపలే తెగేది. కరిచి కరిచి ఆ పిడి మీద పళ్ళ గుంటలు పడ్డాయి.

మగ్గం ఎరగని వాళ్ళ కోసం ఒక మాట చెప్పాలి. నాడె అని చిన్న కొయ్య పడవ లాంటిది ఉంటుంది. నూలు కండెను కడుపులో పెట్టుకుని పోగుల మధ్య అటూ ఇటూ పరిగెడుతుంది. ఎడమ పక్క కర్ర తన్నితే కుడికి పోతుంది, కుడి పక్క కర్ర తన్నితే ఎడమకు వస్తుంది. ఆ రెండు తన్నులే మగ్గం మోత. మా చివరి మగ్గానికి ఎడమ దెబ్బ కొంచెం బరువు, కుడి దెబ్బ కొంచెం ఆలస్యం. మనిషి ఒక కాలు ఈడ్చి నడిచినట్టు ఉండేది. ఎందుకు బాగు చెయ్యవని మా ఆయన ఒకసారి కసిరితే, మేస్త్రి చెప్పిన మాట నాకు ఇప్పటికీ చెవిలో ఉంది: "అన్నా, ప్రతి మగ్గానికీ ఒక కుంటు ఉంటాది. దాన్ని తీసేసేదానికి పోతే ఇంకో పక్క కుంటుతాది. దానికి తగినట్ల మనం నడుచుకోవల్ల."

ఇంకొకటి కూడా చెప్పాలి. మా ఇంట్లో నేసిన గుడ్డను మగ్గం నుంచి కోసేది శుక్రవారమే. బుధవారానికి చీర పూర్తయినా రెండు రోజులు మగ్గం మీదే ఉండాలి. కొనేవాడు గుమ్మంలో నిలబడి అరిచినా కోయనిచ్చేవాడు కాదు మేస్త్రి. కత్తెర తన దగ్గర పెట్టుకునేవాడు.

మా ఆయన పోయాక మూడు మగ్గాలు పోయాయి. మేస్త్రికి ఊపిరితిత్తుల జబ్బు వచ్చింది. నూలు దుమ్ము ఊరికే పోదు. కూతురు హొసకోటెకు తీసుకుపోయింది. ఆ పిల్ల అక్కడ ఫ్యాక్టరీలో ప్యాకింగు పని చేస్తుంది. అయినా గురువారం గురువారం బస్సెక్కి వచ్చేవాడు, చివరి మగ్గానికి నూనె వేయడానికి. దాని మీద ఏళ్ళుగా నేత లేదు.

"నేసేదేమీ లేదు కదప్పా, ఎందుకొస్తావు?" అన్నాను.

"నేను ఎప్పుడన్నా నేసేదానికి వచ్చినానా అక్కా?" అన్నాడు.

ఆ షెడ్డులోనే పిల్లలిద్దరూ వాయించుకునేవాళ్ళు. గ్రేసుది గుంటూరు వైపు. ఇక్కడ సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. డ్రమ్ములు చిన్నప్పుడు చర్చిలో నేర్చుకుందట. వేరే చోట్ల నుంచి వీళ్ళను తరిమేశారు. మా సందులో ఎవరూ ఉలకలేదు, మగ్గాల మోతలో పుట్టి పెరిగినవాళ్ళే అంతా.

ఒక గురువారం సెలవు రోజు వచ్చింది. మేస్త్రి నూనె డబ్బాతో లోపలికి పోయేసరికి గ్రేసు వాయిస్తోంది. అతను గుమ్మంలో ఆగి గోడ మీద చెయ్యి పెట్టాడు. తరువాత నేరుగా పోయి స్క్రూడ్రైవరు మొనను పెద్ద డ్రమ్ము అంచుకు ఆనించి పిడిని కరిచాడు. ఆ పిల్ల హడలిపోయి ఆపేసింది.

"ఆపొద్దు అమ్మీ, కొట్టు," అన్నాడు. కాసేపు విని, "మరీ సరిగ్గా ఉండాది," అన్నాడు.

"థాంక్యూ తాతగారూ," అంది గ్రేసు.

"మెచ్చుకోలేదు. యాడా ఎవురూ ఊపిరి తీసుకోలేదు."

గ్రేసుకు కోపం వచ్చింది. "చెవిలో టిక్ టిక్‌మనే క్లిక్ పెట్టుకుని వాయిస్తున్నానండీ. టైమింగ్ కరెక్ట్‌గానే ఉంది. కావాలంటే చూడండి."

ఆమె పెదవులు చూస్తున్నాడు గాని సగం ఇంగ్లీషు, పట్టుబడలేదు. నా వైపు తిరిగాడు. "ఏమంటావుండాది అక్కా?"

"నీకేం తెలుసు అంటావుండాది," అన్నాను.

"అదీ నిజమే," అని నవ్వి, మగ్గం స్విచ్చు వేశాడు. నేత లేని మగ్గం రెండు తన్నులు తన్ని ఆగిపోయింది. ఆ రెండు తన్నులకే గ్రేసు లేచి నిలబడింది. "మళ్ళీ వెయ్యండి," అంది. గంట సేపు వేయించింది.

పాట అక్కడ పుట్టింది. మాటలు మనవరాలు కట్టింది. "ఎడమ దెబ్బ నాది, కుడి దెబ్బ నీది, నడుమన తెగిన పోగు ఎవరిది?" అని వస్తుంది. మా ఆయనకూ నాకూ జరిగిన పోట్లాటలు చిన్నప్పుడు విని రాసిందో ఏమో, నేను అడగలేదు.

నూలు లేకుండా మగ్గం ఆడదు, తనంతట తనే ఆగిపోతుంది. అటక మీద ఆరు గజాల పడుగు మిగిలి ఉంది. మేస్త్రి రెండు గురువారాలు కూర్చుని దాన్ని మగ్గానికి ఎక్కించాడు. ఒక రేకు డబ్బాలో అరక్కు రంగు, అంటే లక్క ఎరుపు, కండెలు దొరికాయి. రికార్డింగు చేసే అతను మైకులు తెచ్చి పెట్టాడు. ఆ ఒక్క రోజులో నాలుగున్నర గజాలు అయిపోయాయి, ఆ గుడ్డను శుక్రవారం వచ్చి మేస్త్రే కోశాడు. మేస్త్రి మగ్గం పక్కనే నిలబడి పిల్లలిద్దరినీ కంటితో నడిపించాడు.

ఇక్కడి నుంచి నా తప్పు మొదలవుతుంది.

రికార్డింగు చేసిన అతని స్టూడియోకు నన్ను కూడా తీసుకుపోయారు. స్పాంజి అంటించిన గోడల మధ్య చిన్న గది. అతను నా చెవులకు ఏదో తగిలించి పాట పెట్టాడు. ఎడమ దెబ్బ బరువు, కుడి దెబ్బ ఆలస్యం. నా జన్మంతా నేను చేసిన పని, నేసిన గుడ్డను వెలుగుకు పట్టి గీతలు వెతకడం. దెబ్బ సమంగా పడకపోతే గుడ్డలో అడ్డంగా గీత పడుతుంది. గీత పడిన చీరను షాపువాళ్ళు మొహాన కొడతారు. నా చేతులు వాటంతట అవే ఆ గీతను వెతుక్కున్నాయి.

"నాయనా, దెబ్బ సమంగా లేదు. తప్పు ఉంది. సరి చెయ్యి," అన్నాను.

"అవ్వా, సుమ్నే ఉండు. అది అట్లే ఉండల్ల," అంది మనవరాలు.

"నీకు గుడ్డ తెలుసా, నాకు తెలుసా?" అని నోరు మూయించాను. అతను రెండు మీటలు నొక్కాడు. దెబ్బలన్నీ వరసలో నిలబడ్డాయి. అతన్ని నేను తప్పు పట్టను, నేను చెప్పినట్టే చేశాడు. బాగుంది అన్నాను. గెలిచినదానిలా ఇంటికి వచ్చాను.

మరుసటి గురువారం మేస్త్రి వచ్చాడు. పిల్లలు స్పీకరు పెట్టె తెచ్చి నేల మీద పెట్టారు. అతను చతికిలబడి స్క్రూడ్రైవరు ఆనించి పిడిని కరిచాడు, కళ్ళు మూసుకున్నాడు. పాట అయిపోయింది. పిడిని నోట్లోంచి తీసి పంచెతో తుడుచుకుని, "ఇది ఎవురింటి మగ్గం?" అన్నాడు.

మనవరాలు నా వైపు చూసింది, చెప్పలేదు. నేనూ చెప్పలేదు.

స్టూడియో అతనికి ఫోను చేస్తే పాతది చెరిపేశానన్నాడు. గ్రేసు ముఖం చూడాలి ఆ రోజు. మగ్గం మీద గజంన్నర పడుగు మిగిలి ఉంది. మళ్ళీ ఒకసారి చెయ్యవచ్చు. "వచ్చే గురువారం చేస్తాం," అన్నాడు మేస్త్రి. "బయటికి మాత్రం శుక్రవారం ఇయ్యండి. పాటైతే ఏమి, కోత కోతే కదా." పిల్లలు ఫోనులో చూసి, అన్ని పనులకూ సమయం సరిపోయేలా ఒక శుక్రవారం ఎంచుకున్నారు.

ఆ గురువారం అతను రాలేదు. కూతురు ఫోను చేసింది. "డాక్టరు ఇంక దుమ్ములోకి పోగూడదని చెప్పినాడు అత్తా. ఊపిరి నిలబడటం లేదు. నువ్వు పిలిస్తే వస్తాడు. పిలవద్దు. నాకు మాట ఇయ్యి."

"పిలవను పాపా," అన్నాను. ఇచ్చాను మాట.

శనివారం నా కొడుకు వచ్చి, "అమ్మా, మగ్గం పాత ఇనుముకు మాట్లాడినా. సోమవారం లారీ వస్తాది, పీణ్యకు పోతాది," అన్నాడు. షెడ్డును గోడౌనుకు ఇస్తాడట.

"పది రోజులు ఆగు."

"అది ఆడి ఎన్నేళ్ళయింది చెప్పు?"

"పోయిన నెలే ఆడింది. నువ్వు చెవుల్లో ఆ దూది లాంటివి పెట్టుకుని తిరుగుతావుండావు, నీకేం వినబడతాది."

వాడు వినలేదు. వాడికి పాట అంటే పిల్లల ఆట. నా ముందు రెండు దారులే ఉన్నాయి. మేస్త్రి తప్ప ఆ మగ్గాన్ని ఎవరూ ఆడించలేరు. నేను పాడు చేసిన పాట నా పాపంగానే మిగిలిపోతుంది, లేదా ఇచ్చిన మాట పోతుంది.

మనవరాలిని పిలిచాను. మేస్త్రికి కన్నడం చదవడం వచ్చు. "సోమవారం మగ్గం పోతుందని ఫోనులో రాసి పంపు. రమ్మని రాయవద్దు," అన్నాను. "ఎందుకవ్వా మరి?" అంది. "తెలియాలి కదా," అన్నాను. పిలవలేదు కదా అని నాకు నేను చెప్పుకున్నాను. ఈ వాక్యం రాసేటప్పుడు మనవరాలి చెయ్యి ఆగింది. రాయమన్నాను.

ఆదివారం పొద్దున అతను గుమ్మంలో ఉన్నాడు. ముక్కుకు తడి తువ్వాలు కట్టుకున్నాడు. మెట్టు ఎక్కడానికి రెండుసార్లు ఆగాడు. కూతురు డ్యూటీకి పోయాక బస్సెక్కాడట. నాకు అరచెయ్యి చూపించి, మగ్గం మీద పెట్టి, "కాపీ అక్కా," అన్నాడు.

పిల్లలే ఈసారి మైకులు పెట్టుకున్నారు. మగ్గం మొదలైంది. గిటారు అందుకుంది, డ్రమ్ములు అందుకున్నాయి. రెండో చరణం సగంలో ఫట్‌మని చప్పుడు, మగ్గం ఆగిపోయింది. ఎడం పక్క తోలు పట్టీ తెగింది.

అది మార్చాలంటే మగ్గం కిందికి పోవాలి, వెల్లకిలా పడుకోవాలి. దాని కింద ఎన్నేళ్ళ దుమ్ము ఉందో మీరు ఊహించుకోండి. "తాతగారూ, వద్దు. ఎలా చెయ్యాలో చెప్పండి, నేను దూరతాను," అని గ్రేసు అడ్డం పడింది. ఆ పిల్ల చెయ్యి పట్టుకుని పక్కకు జరిపాడు. "నీ చేతులు కొట్టేదానికి," అన్నాడు. నా చేతికి టార్చి ఇచ్చి లోపలికి దూరాడు.

నేను టార్చి పట్టుకుని నేల మీద కూర్చున్నాను. నాకు కనబడేది అతని కాళ్ళు, నడుము వరకే. దగ్గు మొదలైంది. ఒకసారి మొదలైతే ఆగదు. కాళ్ళు అదురుతున్నాయి. "బయటికి రా అప్పా, చాలు," అన్నాను. అన్నానా, అన్నాను. కాని అతను వినేది పెదవులతో. మగ్గం కింద పడుకున్నవాడికి నా పెదవులు ఎలా కనబడతాయి? వినబడదని తెలిసే అన్నాను. కాలు పట్టి లాగితే వచ్చేవాడు. లాగలేదు. టార్చి మాత్రం కదలకుండా పట్టుకున్నాను. దగ్గు నడుమ లోపలి నుంచి మెత్తగా, "వెలుతురు ఇంకొంచెం ఈ పక్కకక్కా," అన్నాడు. ఆ పక్కకే పట్టాను.

గంట పట్టింది. బయటికి వచ్చినప్పుడు తలంతా తెల్లగా, దుమ్ములోంచి తవ్వి తీసినట్టు ఉన్నాడు. గోడకు ఆనుకుని ఊపిరి కోసం వెతుక్కున్నాడు. మనవరాలు ఏడుస్తూ, "తాతా, చాలు, పాట వద్దు," అంది. అతను ఆమె పెదవులు చూశాడు. "ముక్కాలు గజం ఉండాది అమ్మీ. ఏడ్చేదానికి చాలదు, వాయించేదానికి చాలుతాది," అన్నాడు.

ఆగిన చోటి నుంచి వాయించారు. మగ్గం ఎడమ కాలు ఈడ్చుకుంటూ నడిచింది, వాళ్ళిద్దరూ దాని వెంట నడిచారు. అతను స్క్రూడ్రైవరు కరిచి చట్రానికి ఆనుకుని నిలబడ్డాడు. పడుగు చివరికి వచ్చింది, పాటా చివరికి వచ్చింది. ఏది ముందు అయిపోయిందో నేను చెప్పలేను.

మరునాడు లారీ వస్తుంది. గుడ్డను ఆదివారం కోయనివ్వలేదు. గుడ్డ చుట్టిన దుంగను, దానికి అంటిపెట్టుకుని ఉన్న పోగులతో సహా విప్పించి చాపలో చుట్టించాడు. "శుక్రవారం కొయ్యండి, పాట వచ్చేటప్పుడు," అన్నాడు. స్క్రూడ్రైవరు నా చేతికి ఇచ్చాడు. "వినేదానికి ఇంకేం మిగిలింది అక్కా," అన్నాడు. గ్రేసు హొసకోటె దాకా తోడు పోయి దిగబెట్టి వచ్చింది. మూడు రోజులకు ఆసుపత్రిలో చేర్చారు. ఆ వచ్చే మంగళవారం ఫోను మోగింది.

పిల్లలిద్దరూ పాట ఆపేద్దామన్నారు. "నాలుగు వారాలు పోనిద్దాం అమ్మమ్మగారూ," అంది గ్రేసు. నా కొడుకు, "అసలు తీసెయ్యండి, నలుగురూ మన ఇంటి మీద ఉమ్ముతావుండారు," అన్నాడు. నేను ఒకటే చెప్పాను. ఆపడమో, వదలడమో చెప్పవలసింది మనమెవరమూ కాదు.

మూడో రోజు పాలు పోసే కార్యం అయ్యింది. శుక్రవారం పొద్దున ఆరింటికే ముగ్గురం హొసకోటె బస్సెక్కాం. నా ఒడిలో చాప చుట్ట, గ్రేసు దగ్గర స్పీకరు, మనవరాలి చేతిలో ఫోను. పది గంటలకు పాట దానంతట అదే వస్తుందట. మేస్త్రి కూతురు వద్దంటే ఆ లోపలే ఆపాలి.

వాళ్ళ ఇల్లు చేరేసరికి తొమ్మిది దాటింది. గది నిండా చుట్టాలు. ఆ పిల్ల ఆ చివర గోడ దగ్గర కూర్చుని ఉంది. నన్ను చూసి లేవలేదు. తండ్రి దగ్గర నేర్చుకున్న విద్యే, గొంతు లేకుండా పెదవులు కదిపింది: "మాట ఇచ్చినావు అత్తా."

నేనూ గొంతు లేకుండానే, "ఇచ్చినాను పాపా," అన్నాను.

"ఎందుకు పిలిచినావు?"

"పిలవలేదు. వచ్చేట్ల చేసినాను."

గది నిండా జనం, ఒక్కరికీ ఏమీ తెలియదు. "ఆ మోతే మా నాయన చెవులు తినింది. ఆ దుమ్మే ఊపిరి తినింది. దాన్ని పాట చేసి ఊరికి వినిపిస్తారా?" ఆ పిల్ల పెదవుల మీద ప్రతి మాటా స్పష్టంగా ఉంది.

కాని ఇలా నోరు తెరవకుండా ఒప్పుకోవడం కూడా దాక్కోవడమే అనిపించింది. అక్కడే నిలబడి గొంతెత్తి చెప్పాను. పాటను మొదట పాడు చేసింది నేనని, పిలవనని మాట ఇచ్చి కబురు పంపింది నేనని, మగ్గం కింద అతను దగ్గుతుంటే టార్చి పట్టింది నేనని, కాలు పట్టి లాగలేదని. "ఈ ఆడపిల్లలను ఎవురూ ఏమీ అనొద్దండి. అనేది ఉంటే నన్ను అనండి," అన్నాను. ఎవరో ముసలాయన, "చావు ఇంట్లో ఏమమ్మా ఈ గలాటా," అన్నాడు. "చావు ఇంట్లో కాకుంటే ఇంక యాడ చెప్పేది?" అన్నాను.

చాప చుట్ట ఆ పిల్ల ముందు పెట్టాను. "మీ నాయన శుక్రవారం కొయ్యమన్నాడు. నువ్వు వద్దంటే ఇది నీ దగ్గరే పెట్టుకో. పాట ఇప్పుడే ఆపుతారు."

మనవరాలు ఫోను మీద బొటనవేలు పెట్టుకుని నిలబడి ఉంది. "ఆ పాటలో ఏముండాది?" అంది ఆ పిల్ల చివరికి, గొంతుతో. గ్రేసు చెవులకు పెట్టుకునేవి అందిస్తే తీసుకోలేదు. నా సంచిలోంచి బయటికి కనబడుతున్న స్క్రూడ్రైవరును లాక్కుంది.

స్పీకరు నేల మీద పెట్టారు. ఆ పిల్ల మొన ఆనించి, తండ్రి పళ్ళ గుంటలు ఉన్న చోటే కరిచింది. పాట మొదలైంది. ఊయల తాడు మగ్గం పక్క దూలానికి కట్టి పెంచిన పిల్ల అది. మొదటి ఎడమ దెబ్బకు ఆమె భుజం కదిలింది. ఆ తరువాత అయిపోయే దాకా కదలలేదు.

పిడిని నోట్లోంచి తీసి కొంగుతో తుడిచింది. "ఇది మా నాయన మగ్గమే," అంది. నా వైపు చూడలేదు. "ఎన్నింటికి?"

"పదికి," అంది మనవరాలు. "ఇంకా ఆరు నిమిషాలు ఉండాది అక్కా. ఆపేదా?"

ఆ పిల్ల లేచి లోపలికి పోయింది. తిరిగి వచ్చినప్పుడు చేతిలో మేస్త్రి కత్తెర ఉంది. చాప విప్పి గుడ్డను ఒడిలో పరుచుకుంది. గ్రేసు ఫోను చూస్తూ చెయ్యి ఎత్తింది, పది కాగానే దించింది. కత్తెర పడింది. బిగువు పోయిన పోగులు వెనక్కి ముడుచుకున్నాయి. ఫోనులో ఏమీ చప్పుడు కాలేదు, పాట వచ్చిందని మనవరాలు చెబితేనే తెలిసింది.

ఆ పిల్ల గుడ్డను మడవకుండా కిటికీ వెలుగుకు పట్టింది. అరక్కు రంగు గజంన్నర గుడ్డ, సరిగ్గా నడుమన అడ్డంగా ఒక దళసరి గీత ఉంది. పట్టీ తెగి మగ్గం ఆగిన చోటు, అతను కింద పడుకుని ఉన్న ఆ గంట. నా కళ్ళు ఆ గీత మీద పడ్డాయి, నా నోరు లేవలేదు. ఆ పిల్ల వేలు గీత దాకా వచ్చి, దాని మీద అటూ ఇటూ, అటూ ఇటూ నడిచి, ఎడమ అంచు దగ్గర ఆగింది.